సారా ఆల్‌గుడ్: తల్లి వేషముల నటీమణి

నాటకమనగానే మన చూపు నాయికానాయకుల మీదనే నిలుచును. అయినను కథ నిజమని మనకు తోపించువారు తఱచుగా వారు గారు. తలుపు తీయు పనికత్తె, అంగడిలోని వృద్ధురాలు, బిడ్డకొఱకు మేలుకొనియుండు తల్లి, ఇట్టివారే కథకు ఆధారమై యుందురు. ఇట్టి పాత్రలను ధరించువారిని ఇంగ్లీషువారు క్యారెక్టరు నటులందురు. బ్రిటిషు చలనచిత్రములకు మాట వచ్చిన తొలిదినములలో అట్టివారిలో మిక్కిలి పేరుగన్న సారా ఆల్‌గుడ్ చరిత్రమును మా చదువరులకు తెలుపదలంచితిమి.

ఈమె 1880 ప్రాంతమున ఐర్లండులోని డబ్లిను నగరమున జన్మించెను. తండ్రి అచ్చుకూటమున అక్షరములు కూర్చువాడు. ఆ కాలమున ఐర్లండు బ్రిటిషువారి యేలుబడిలో నుండెను. స్వదేశపు కథలను స్వదేశీయులే ఆడవలెనను కోరిక అచటి యువజనులలో ప్రబలుచుండెను. మాడ్ గాన్ అను వనిత 1900లో స్థాపించిన స్త్రీల సంఘమున సారా చేరి, ఫే సోదరులయొద్ద నటన నేర్చుకొనెను. వారిలో ఫ్రాంక్ ఫే ఉచ్చారణయందు కడు నిష్ఠగలవాడు. ఎంత మెల్లగా పలికినను కడపటి వరుసలోని వానికి ప్రతి యక్షరమును వినబడవలెననుట ఆ శిక్షణయొక్క సారము. ఆమెకు జీవితాంతము తోడ్పడిన ధనమదియే.

1904వ సంవత్సరము డిసెంబరు 27వ తేదీని డబ్లినులో ఆబీ నాటకశాల తెఱవబడెను. ఆ రాత్రి గ్రెగరీ దొరసాని రచించిన హాస్యనాటకమున సారా ఒక పాత్ర ధరించి ప్రేక్షకుల మెప్పు వడసెను. యేట్సు, సింజి మొదలగు మహాకవుల నాటకములలో ఈమెయు, ఈమె చెల్లెలు మోలీయు ముఖ్యపాత్రలు ధరించిరి.

తరువాత ఆమె ఒక నాటకసమాజముతో ఆస్ట్రేలియాకు బోయి, 1916లో తోడినటుడైన జెరాల్డు హెన్సనును వివాహమాడెను. 1918లో ఆమెకు పుట్టిన ఆడుశిశువు పుట్టిన స్వల్పకాలమునకే మరణించెను. ఆ యేడే లోకమంతటను వ్యాపించిన ఇన్‌ఫ్లుయెంజా వ్యాధికి భర్తయు న్యూజీలండులో బలియయ్యెను. ఆమె మఱల వివాహము చేసికొనలేదు. అక్కడనే ఆమె తొలి చలనచిత్రమున నటించెను. కాని అది మూగచిత్రము. ఎవ్వరి కంఠస్వరము ప్రశస్తికెక్కినదో ఆమెకు మాట లేని చిత్రముతో నేమి ప్రయోజనము?

స్వదేశమునకు మరలిన పిదప, 1924 మార్చిలో ఆబీ రంగస్థలముపై షాన్ ఓకేసీ రచించిన 'జూనో అండ్ ది పేకాక్' అను నాటకమున ఆమె జూనో పాత్ర ధరించెను. డబ్లినులోని బీదల యిండ్లలో జరుగు కథ యది. భర్త పని మాట యెత్తగనే కాళ్లు నొచ్చుచున్నవనును. చేతికి రావలసిన ఆస్తి రాకపోవును. కొడుకు అంతర్యుద్ధమున చంపబడును. ఇరుగింటి తల్లి తన కొడుకునకై యేడ్చినప్పుడు తాను తగినంత జాలిపడనైతినే యని జూనో తన కొడుకు చచ్చిన దినమున తలంచుకొనును. పరుల దుఃఖము మనకు తెలియుటకు మన దుఃఖము రావలసివచ్చెనే యను ఆ మాటను సారా పలికిన తీరే ఆమెకు శాశ్వతకీర్తి దెచ్చెను.

ఇంతలో చలనచిత్రములకు మాట వచ్చెను. 1929లో ఆల్‌ఫ్రెడ్ హిచ్‌కాక్ ఎల్‌స్ట్రీ చిత్రశాలలో 'బ్లాక్‌మెయిల్' అను చిత్రమును తీయుచుండెను. మూగచిత్రముగా మొదలైనదానిని మాటల చిత్రముగా మార్చిరి. నాయిక ఆనీ ఆండ్రా మధ్యయూరపువాసిని. ఆమె యుచ్చారణ లండను పిల్లకు తగలేదు. కంఠమును తరువాత చేర్చు సాధనములు నాడు లేవు గావున, జోన్ బారీ యను నటి కెమెరాకు కనబడక ప్రక్కన నిలిచి పలుకగా, ఆండ్రా పెదవులు కదపెను. ఆ చిత్రమున నాయిక తల్లి సారాయే. భయంకరమైన రాత్రి గడచిన ఉదయమున తల్లి గదిలోనికి వచ్చి పక్షిపంజరముపై గుడ్డ తీసి, రోజువలెనే మాటలాడును. ఆ సామాన్యమైన గొంతు వినబడుటచేతనే బిడ్డ మనస్సులోని భయము మనకు మఱింత తెలియుచున్నది.

1930లో హిచ్‌కాకే 'జూనో'ను చిత్రముగా తీసెను. నాడు ధ్వనులను వేఱువేఱుగా పట్టి పిదప కలుపుటకు వీలులేదు. కావున ఒక దృశ్యమున గ్రామఫోను పాటను, అంత్యక్రియల గీతమును, తుపాకి మ్రోతలను చిత్రశాలలోనే ఒక్కమాఱుగ కల్పింపవలసి వచ్చెను. ఇట్టి చిక్కుల నడుమ పని సాగినను, సారా జూనో నేటికిని చూచుటకును వినుటకును మిగిలియున్నది. ఆబీ రంగస్థలముపై ఆమె యాడిన వందల రాత్రులు చూచినవారితోనే పోయినవి.

అటుపిమ్మట ఆమె అనేక చిత్రములలో చిన్న పాత్రలు ధరించెను. 1937లో వచ్చిన 'స్టార్మ్ ఇన్ ఎ టీకప్'లో కుక్కకు లైసెన్సు రుసుము కట్టలేని బీదరాలు ఆమెయే. ఆ కుక్కను పట్టియే కథయంతయు నడచును. 1940లో అమెరికాకు బోయి హాలీవుడ్డులో స్థిరపడెను. 'హౌ గ్రీన్ వాజ్ మై వ్యాలీ' (1941) అను చిత్రమున గనిపనివారి యింటి తల్లిగా నటించినందుకు ఆమె పేరు ఆస్కారు బహుమానమునకు ప్రతిపాదింపబడెను గాని బహుమానము మఱియొకరికి పోయెను. పిదప దొరకినవి చాలవఱకు వంటలక్కలు, దాదులు, ఇంటియజమానురాండ్రు. 1950 సెప్టెంబరు 13వ తేదీని ఆమె కాలిఫోర్నియాలో మరణించెను.

ఆబీ నాటకశాలలో ప్రథమస్థాన మలంకరించిన యామెకు చిత్రలోకము తగిన స్థానమిచ్చెనని మేము చెప్పజాలము. దొరతనము నాయికలకే, తల్లులకు రెండు నిమిషములు. అయినను ఆ రెండు నిమిషములలో ఆమె అశ్రద్ధ చూపలేదు. మా పాఠశాల నాటకములలో వేషములు పంచునపుడు చిన్న వేషము వచ్చినదని ముఖము చిన్నబుచ్చుకొను బాలబాలికలు ఈ సంగతి గమనింతురు గాక. పలుకవలసినది ఒక్క మాటయే యైనను, దానిని కడపటి వరుసలోని వానికి వినబడునట్లు పలుకుడు. ఆ మాట లేక కథ ముందుకు సాగదు.