ఆర్కైవ్ దృశ్యాల సేకరణ – లైసెన్సు పొందే విధానం

3.1 పరిచయం

గతాన్ని చూపే డాక్యుమెంటరీలో ప్రతి దృశ్యాన్నీ కొత్తగా చిత్రీకరించలేం. పాత న్యూస్‌రీళ్లు, సినిమాలు, టీవీ రికార్డింగుల నుంచి కొన్ని భాగాలు తీసుకోవలసి వస్తుంది. ఇలా ముందే చిత్రీకరించి భద్రపరచిన దృశ్యాలను ఆర్కైవ్ ఫుటేజ్ అంటారు. ఇక్కడ ముఖ్యంగా గుర్తుంచుకోవలసిన విషయం ఒకటుంది. ఫుటేజ్ చేతిలో ఉండటం వేరు, దానిని ప్రదర్శించే హక్కు ఉండటం వేరు.

3.2 సంరక్షకులు – హక్కుదారులు

1948లో ఏర్పడిన ఫిల్మ్స్ డివిజన్ న్యూస్‌రీళ్లను, డాక్యుమెంటరీలను స్వయంగా నిర్మించింది. 1964లో పుణెలో ఏర్పడిన జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ ఇతరులు నిర్మించిన చిత్రాల ప్రింట్లను సేకరించి భద్రపరచింది. 2022లో ఈ రెండూ జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థలో విలీనమయ్యాయి. ఇతరుల చిత్రం ప్రింటు ఆర్కైవ్‌లో దొరికినా, కాపీరైట్ అమలులో ఉన్నంత కాలం హక్కుదారు అనుమతి విడిగా పొందాలి.

3.3 ఒకే దృశ్యంలో పలు హక్కులు

మన చట్టం ప్రకారం సినిమాపై కాపీరైట్, విడుదలైన మరుసటి సంవత్సరం ఆరంభం నుంచి 60 ఏళ్లు ఉంటుంది. 1957లో విడుదలైన ‘మాయాబజార్’ సినిమాకు ఈ గడువు 2017తో ముగిసింది. అయితే పాటల సాహిత్యానికి రచయిత మరణించిన మరుసటి సంవత్సరం నుంచి 60 ఏళ్లు లెక్కిస్తారు. పింగళి నాగేంద్రరావు 1971లో మరణించారు. కాబట్టి ఆయన రచనపై హక్కు 2031 చివరి వరకు ఉంటుంది. అందువల్ల క్లిప్‌లో పాట వినిపిస్తే సాహిత్యం, సంగీతం హక్కులను కూడా విడివిడిగా పరిశీలించాలి.

3.4 లైసెన్సు షరతులు

లైసెన్సులో మాధ్యమం, ప్రాంతం, కాలపరిమితి స్పష్టంగా ఉండాలి. ఈ షరతుల ప్రాముఖ్యాన్ని ఒక ఉదాహరణ ద్వారా పరిశీలిద్దాం. అమెరికా పౌరహక్కుల ఉద్యమంపై హెన్రీ హాంప్టన్ నిర్మించిన ‘ఐస్ ఆన్ ది ప్రైజ్’ డాక్యుమెంటరీ 1987లో, 1990లో రెండు భాగాలుగా ప్రసారమైంది. డబ్బు చాలక ఎన్నో దృశ్యాలకు, ఫోటోలకు, పాటలకు కొద్ది సంవత్సరాల లైసెన్సులే తీసుకున్నారు. ఆ గడువు తీరాక దానిని టీవీలో మళ్లీ ప్రసారం చేయడానికి వీలులేకపోయింది. విరాళాలతో హక్కులు తిరిగి పొందిన తరువాత 2006లో పునఃప్రసారం మొదలైంది. అప్పటికి హాంప్టన్ జీవించి లేరు, 1998లోనే కన్నుమూశారు. ఒక తరం తన చరిత్రను టీవీలో చూసే అవకాశం కోల్పోవడానికి కారణం నిషేధం కాదు, లైసెన్సు పత్రంలోని ఒక తేదీ.

3.5 పని క్రమం

1. క్లిప్ మూలం, హక్కుదారు, నిడివి, టైమ్‌కోడ్‌లను పట్టికలో నమోదు చేయండి.
2. ప్రివ్యూ కాపీతో ఎడిటింగ్ చేసి, అవసరమైన సెకన్లను తేల్చుకోండి. రుసుమును తరచు నిడివిని బట్టి లెక్కిస్తారు.
3. ఓటీటీ, డీవీడీ, విదేశీ ప్రసారం వంటి భవిష్యత్తు అవసరాలకు ధర ముందే అడగండి.
4. లిఖితపూర్వక అనుమతి అందాకే నాణ్యమైన మాస్టర్ కాపీని చిత్రంలో చేర్చండి.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

అ) ఫిల్మ్ ఆర్కైవ్‌కు, కాపీరైట్ హక్కుదారుకు గల తేడా ఏమిటి?
ఆ) 1970లో విడుదలైన తెలుగు సినిమాపై కాపీరైట్ ఏ సంవత్సరం వరకు ఉంటుంది?