గాజునేత రెక్కలు, ఒక్కటే సీటు

రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయంటారు. ఆ ఎండలో పాల్వంచ దాటి భద్రాచలం పోయే దారిలో, అడవి అంచున బస్సు ఆగినప్పుడు ఒక్కసారి తల పైకెత్తి చూడండి. గద్ద ఒకటి రెక్క ఆడించకుండా చుట్లు తిరుగుతూ పైపైకి పోతుంటుంది. ఇంజను లేదు, పెట్రోలు లేదు. కాలిన నేల మీద వేడెక్కిన గాలి పైకి లేస్తుంది. దాన్నే థర్మల్ అంటారు. గద్ద దాని ఆసరాతో పైకి పోతుందన్నమాట. గ్లైడర్ చేసే పనీ అదే.

నిజానికి గ్లైడర్ ఎప్పుడూ కిందికే జారుతుంటుంది. చుట్టూ ఉన్న గాలి అంతకన్నా వేగంగా లేస్తుంటే దాంతోపాటు తానూ లేస్తుంది. కనుక డిజైనర్ ముందున్న ప్రశ్న ఒక్కటే: తక్కువ ఎత్తు పోగొట్టుకుని ఎక్కువ దూరం పోవడమెలా? ఈ నిష్పత్తి 40 అనుకుందాం. భద్రాచలం మీద ఒక కిలోమీటరు ఎత్తున వదిలితే నిశ్చలమైన గాలిలో 40 కిలోమీటర్లు పోతుంది. కొత్తగూడెం చేరాక కూడా కొంత ఎత్తు మిగులుతుంది. ఖమ్మం దాకా పోవాలంటే మాత్రం దారిలో థర్మల్స్ వెతుక్కోవలసిందే.

మన పౌర విమానయాన శాఖ సాంకేతిక కేంద్రం రూపొందించిన గ్లైడర్ల పేర్లు వింటే పంచాంగం చదివినట్టుంటుంది: అశ్విని, భరణి, కార్తీక్, రోహిణి, మృగశీర్, ఆర్ద్ర. వీటిలో కార్తీక్ ఒంటి సీటుది, చెక్కతో కట్టినది. 1963లో మొదటిసారి ఎగిరింది.

మరి చెక్కతో వచ్చిన చిక్కేమిటి? గాలి రెక్కను ఒరుసుకుంటూ పొరలు చెదరకుండా సాగితే నిరోధం బాగా తగ్గుతుంది. అందుకు రెక్క అద్దంలా నున్నగా ఉండాలి. చెక్క తేమకు ఉబ్బుతుంది, ఎండకు కుంచించుకుపోతుంది. పైన కప్పిన గుడ్డ పక్కకీ పక్కకీ మధ్య లోపలికి కుంగుతుంది. అంత చిన్న ఎత్తుపల్లాలకే గాలి చెదిరిపోతుంది.

జవాబు జర్మనీలో స్టుట్‌గార్ట్ విశ్వవిద్యాలయపు గ్లైడర్ బృందం నుంచి వచ్చింది. యుద్ధానంతరం అక్కడ గ్లైడింగ్‌పై ఉన్న నిషేధం 1951లో తొలగింది. హెర్మన్ నేగెలె, రిచర్డ్ ఎప్లర్, వారి సహచరులు ఏళ్ల తరబడి శ్రమించి ‘ఫీనిక్స్’ను తయారుచేశారు. అది 1957 నవంబరు 27న ఎగిరింది. ప్రపంచంలో మొట్టమొదటి ఫైబర్‌గ్లాస్ గ్లైడర్ అదే. ఒక్కటే సీటు, 16 మీటర్ల రెక్కలు, నిష్పత్తి 40 దరిదాపుల్లో. మొత్తం ఎనిమిదే తయారయ్యాయి గాని దారి పడింది. 1964లో డార్మ్‌స్టాట్ విద్యార్థులు ‘డి-36’ ఎగరేశారు. వారిలో వైబెల్, లెమ్కె, హోలిగ్‌హౌస్ తర్వాత మూడు వేర్వేరు కంపెనీలకు డిజైనర్లయ్యారు.

ఫైబర్‌గ్లాస్ అంటే ఏమిటో తెలుసుకోవాలంటే మన అడవి వెదురును చీల్చి చూడండి. నిలువునా బలమైన నారలు, వాటిని పట్టి ఉంచే మెత్తని పదార్థం. ఇక్కడ నార గాజుది, పట్టి ఉంచేది రెసిన్. వెదురు నిలువునా ఇట్టే చీలుతుంది కదా! అందుకే రెక్క లోపలి దూలంలో నారలను పొడవునా, పై పెంకులో మెలికకు తట్టుకునేలా ఏటవాలుగా పరుస్తారు. పెంకు పొరల నడుమ, నిర్మల్ బొమ్మలు చేసే పొణికి చెక్కలాంటి తేలికైన బాల్సా పెట్టింది ఫీనిక్స్. ఇదంతా అచ్చులో పరుస్తారు. అచ్చు ఎంత నునుపైతే రెక్క అంత నునుపు. పైభాగం, కిందిభాగం విడివిడిగా గట్టిపడ్డాక అతికిస్తారు.

లోపాలూ లేకపోలేదు. గాజునార బలమైనదే గాని బిర్రుతనం తక్కువ. ఎగిరేటప్పుడు రెక్క కొసలు విల్లులా పైకి వంగుతాయి. బిర్రు మరీ తగ్గితే వేగం పెరిగినప్పుడు రెక్క అదిరి విరిగే ప్రమాదముంది. రెసిన్ వేడికి మెత్తబడుతుంది. గ్లైడర్లన్నీ తెల్లగా ఉండేది అందం కోసమనుకునేరు, ఎండను తిప్పికొట్టడానికి! మన రోహిణి ఎండ ఈ బండికి బలమూ, గండమూ.

అన్నిటికన్నా పెద్ద చిక్కు మరొకటుంది. రెసిన్‌లో గట్టిపరిచే ద్రవం పాళ్లు తప్పినా, పొరల మధ్య గాలి బుడగ మిగిలినా, అతుకు సరిగా పట్టకపోయినా, పెంకు మూశాక పైకి కనపడదు. పైన అద్దంలా మెరుస్తూనే ఉంటుంది. అందుకే ప్రతి పొరా ఎవరు, ఏ రోజు, ఎంత వేడిలో పరిచారో పుస్తకంలో రాయాలి. ఒక రెక్కను తలకిందులుగా బిగించి, రాగల గరిష్ఠ భారానికి ఒకటిన్నర రెట్లు ఇసుక బస్తాలు పేర్చి చూడాలి. కొలతలో పొరపాటు జరిగితే దాచకుండా చెప్పాలి. ఆ ఒక్క సీటులో కూర్చునేది మనలో ఒకడే కదా!

మిత్రులారా! రేపే గ్లైడర్ కట్టమని నేననడం లేదు. నలుగురు కలిసి, వర్క్‌షాపు మాస్టారి ఎదుట, ఒక మీటరు రెక్క ముక్క చేయండి. ఎంత బరువుకు విరుగుతుందో ముందే లెక్కగట్టి రాసిపెట్టండి. తర్వాత బస్తాలు వేసి విరగ్గొట్టండి. లెక్కకూ విరుపుకూ ఉన్న తేడా ఎందుకొచ్చిందో తేల్చండి. స్టుట్‌గార్ట్ కుర్రాళ్లకూ మొదటిరోజే రెక్కలు రాలేదు.