కిటికీలోంచి పలకరించిన ఇల్లాలు

మా పెద్దత్తయ్యకు వంటింటి కిటికీయే కచేరీ సావడి. పొయ్యిమీద పప్పు ఉడుకుతూ ఉండగానే పక్కింటి పిన్నిగారితో లోకాభిరామాయణమంతా అక్కడినుంచే సాగించేది. ఈమధ్య 1949 నాటి అమెరికా టెలివిజన్ నాటిక ఒకటి చూస్తూంటే నాకు ఆవిడే జ్ఞాపకం వచ్చింది. న్యూయార్కులో బ్రాంక్స్ పేట. మేడ కిటికీలోంచి బొద్దుపాటి ఇల్లాలొకతె తల బయటపెట్టి పొరుగావిణ్ణి కేకేస్తోంది!

నాటికలో ఆవిడ పేరు మాలీ గోల్డ్‌బర్గ్. అసలు పేరు గెర్ట్రూడ్ బెర్గ్. వేషం వేయడమే కాదు, రాసిందీ ఆవిడే, నిర్మాతా ఆవిడే.

తండ్రికి క్యాట్‌స్కిల్ కొండల్లో వేసవి హోటలు ఉండేది. వానరోజుల్లో అక్కడ దిగినవారి కాలక్షేపానికి ఈ అమ్మాయి చిన్న చిన్న నాటికలు అల్లేది. పెద్దయ్యాక ఒక రచన పట్టుకుని రేడియోవారి దగ్గరికి వెళ్లింది. పెన్సిలు రాత, ఆ పెద్దమనిషికి ఒక్క ముక్క బోధపడలేదు. చదివి వినిపించమన్నాడు. విన్నాక వేషం కూడా ఆవిడకే ఇచ్చారు. కావాలనే కొక్కిరిబిక్కిరిగా రాసిందని చెప్పుకుంటారు, గడుసుపిల్ల! 1929 నవంబరు 20న ఎన్.బి.సి.లో గోల్డ్‌బర్గుల కథ మొదలైంది. మొదట్లో వారానికి ముట్టింది 75 డాలర్లు.

వలస వచ్చిన యూదు కుటుంబం కథ అది. భర్త జేక్, ఇద్దరు పిల్లలు, డేవిడ్ మామయ్య. అంతా ఇంటిగొడవే. కాని 1939లో పస్కా పండుగనాటి భాగంలో, పూజ మధ్యన కిటికీ అద్దం పగలగొట్టుకుని ఒక రాయి వచ్చి పడింది. హిట్లరు రోజులు మరి.

1949 జనవరిలో వీరంతా సి.బి.ఎస్. టెలివిజన్‌లోకి వచ్చారు. అప్పటికప్పుడు ఆడి చూపించడమే. మాట తడబడితే దిద్దుకునే వీల్లేదు. అదే కిటికీలోంచి మాలీ సాంకా కాఫీ గుణగణాలు వర్ణించేది. కెఫీన్ తీసేసిన కాఫీ! మా అత్తయ్య అయితే గడప తొక్కనిచ్చేది కాదు.

జేక్ వేషధారి ఫిలిప్ లోబ్. 1950 జూన్‌లో 'రెడ్ ఛానెల్స్' అనే పుస్తకం వెలువడింది. కమ్యూనిస్టులతో సంబంధాలున్నాయంటూ 151 మంది పేర్లు అచ్చు వేశారు. అందులో లోబ్ పేరు ఉంది. విచారణ లేదు, తీర్పు లేదు. ఆయన కాదు మొర్రో అన్నాడు. కాఫీ అమ్మే జనరల్ ఫుడ్స్‌వారు లోబ్‌ను తీసేయమన్నారు. బెర్గ్ ససేమిరా అంది. 1951 జనవరిలో ఆవిడకు ఉత్తమనటిగా ఎమ్మీ బహుమతి వచ్చింది. అదే ఏడు కంపెనీవారూ, సి.బి.ఎస్.వారూ నాటికను వదిలేశారు.

1952లో ఎన్.బి.సి.లో మళ్లీ తెర లేచింది. జేక్ మాత్రం వేరొకడు. ఆవిడ ఓడిపోయిందనాలా? నాటికమీద బతికేవాళ్లు ఇంకా ఎందరో ఉన్నారు. నేనైతే ఆవిణ్ణి తప్పుపట్టలేను. అలాగని మనసు ఒప్పుకోనూ లేదు. లోబ్‌కు మతి చెడిన కొడుకు ఒకడు. వాడి వైద్యానికి డబ్బు కావాలి, పని దొరకడమే గగనమైంది. 1955 సెప్టెంబరు 1న న్యూయార్కు హోటలు గదిలో ఆత్మహత్య చేసుకున్నాడు.

మరుసటేడు నాటిక ఆగిపోయింది. బెర్గ్ రంగస్థలానికి వెళ్లి 1959లో టోనీ బహుమతి అందుకుంది, 1966లో కన్నుమూసింది.

నేను చూసిన ఆ పాత బొమ్మలో కిటికీ దగ్గర ఆవిడ, ఇంట్లో లోబ్. అందులో జేక్ ఇంకా ఆయనే.