తెరవెనుక ద్వారక

మా శ్రీహరికోట అడవికట్టెలు ఒకప్పుడు బకింగుహాము కాలువమీద పడవలలో చెన్నపట్టణమునకు పోయెడివి. ఆ పట్టణముననే కఱ్ఱతో నగరములు కట్టినవారిని గూర్చి నేడు మనవిచేసెదను.

సురభివారి నాటకములకు తెరలు వ్రాయు చిత్రకారుని మీ రెఱుగుదురు. సినిమాకు కళాదర్శకుని పని అంతకంటె పెద్దది. అతడు కథ విని, భవనములను ముందుగా కాగితముపై వ్రాసి, వడ్రంగులచేత చట్రములు కట్టించి, పైన గుడ్డయు ప్లాస్టరును రంగును వేయించి, రాతిస్తంభమని మనలను నమ్మించును.

1951 నాటి ‘పాతాళభైరవి’కిని, 1957 నాటి ‘మాయాబజారు’నకును కళాదర్శకులు మాధవపెద్ది గోఖలే, కళాధర్ గారలు. మాయాబజారులోని ద్వారకను ఇంచుమించు 50 అడుగుల పొడవు, 60 అడుగుల వెడల్పుగల చోట, ఒక యింటిని బోలిన యిల్లు మఱియొకటి లేకుండ, చిన్న బొమ్మయిండ్లుగా నమర్చిరి. మార్కస్ బార్ట్లీగారి కెమేరా దానిని మహానగరముగా చూపినది.

చిత్రీకరణము ముగియగనే సెట్టును విప్పివేయుదురు. కఱ్ఱ మఱియొక సెట్టునకు పోవును. శిల్పికి గుడి నిలుచును, ఇతనికి ఫిల్ము తప్ప వేఱొకటి లేదు. గోఖలేగారు కథలును వ్రాసిరి గావున ఆ పేరు కొందఱకైన తెలియును. ఘటోత్కచుని మాటలు కంఠస్థమైన మేమే, ఆ ద్వారకను కట్టిన దెవరని ఏనాడు నడుగమైతిమి. పేర్లు తెరపై పడువేళ నేనును ప్రక్కవారితో ముచ్చటలాడువాడనే. మొన్న మరల చూచినప్పుడు మాత్రము అవి ముగియువఱకు మాటలాడనైతిని.