పాలు విరుగుట – పాలు జీర్ణమగుట

వేకువను పితికిన పాలు ప్రొద్దెక్కకముందే పొయ్యిమీద విరిగిపోవుట కోట ప్రాంతపు వేసవిలో ప్రతి ఇంట నెరిగినదే. దీనిని దిష్టి యనియు, పశువు దోషమనియు తలచువారు కలరు. అసలు కారణ మెరిగినచో పాలను, బిడ్డల ఆరోగ్యమును, దూడల ప్రాణమును కాపాడుకొనవచ్చునని మేమీ వ్యాసమును వ్రాయుచున్నాము.

పాలలోని మాంసకృత్తులలో నూటికి సుమారు 80 పాళ్లు కేసీను. ఇది కంటికి గానరాని రేణువులుగా పాలలో తేలుచుండును. నూటికి 4, 5 పాళ్లు పాలచక్కెర యుండును. సూక్ష్మజీవులు ఈ చక్కెరను పులుపుగా మార్చును; పులుపు హెచ్చగానే రేణువులు కలిసికొని గడ్డకట్టును. ఇది సూక్ష్మజీవుల పనియని ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు పాశ్చర్ 1857లో వెల్లడించెను. తోడు వేయునప్పుడు మనమే మేలైన జీవులను చేర్చుచున్నాము. కడుగని చెంబు చెడ్డవానిని చేర్చును. కొంచెము పులిసిన పాలు నాలుకకు తెలియకున్నను వేడి తగులగానే విరుగును.

కడుపులోనికి పోయిన పాలును గడ్డకట్టవలసినవే. దూడ నాలుగవ కడుపులో రెన్నిన్ అను రసమును, మనుష్యుల కడుపులో పులుపును, పెప్సిన్ అను రసమును ఈ పని చేయును. గడ్డ మెల్లగా కరగుచు ఒంటబట్టును. కావున ఆడుచు పాడుచు పెరుగుచున్న పసిబిడ్డ కొంచెము విరిగిన పాలు కక్కినంతనే బెదరనక్కరలేదు. మాటిమాటికి కక్కుచు, బరువు పెరుగకున్నచో వైద్యునికి చూపవలయును.

పాలచక్కెరను జీర్ణము చేయు శక్తి పెద్దయైన కొలది మన దేశమున పెక్కుమందికి తగ్గును. పాలు త్రాగగానే కడుపుబ్బరము కలుగువారికి పెరుగు, మజ్జిగ సాధారణముగా సరిపడును. ఆ చక్కెర కొంత తోడులోనే ఖర్చగును గదా!

ముర్రుపాల సంగతి మరువరాదు. రోగములను తట్టుకొను పదార్థములు తల్లి గర్భమున దూడకు చేరవు, ముర్రుపాలలోనే లభించును. వానిని ప్రేగులు పీల్చుకొను శక్తి పుట్టిన 24 గంటలలో అణగిపోవును. 30 కిలోల దూడకు తొలిదినమున సుమారు 3 లీటర్లు కావలయును. మొదటిసారి ఒకటి రెండు గంటలలోపుననే త్రాగింపవలయును. జున్ను దూడ త్రాగగా మిగిలినదానితోనే.

సభ్యులు పొదుగు కడిగి, మొదటి ధారలు వేరుగా విడిచి, పాత్రలను వేడినీట కడిగి ఎండలో బోర్లింపవలయును. రాత్రి పాలను ఉదయపు పాలలో కలుపరాదు. పితికిన పాలను జాగుచేయక సంఘమునకు చేర్పవలయును. ఒక్కరి పులిసిన పాలు డబ్బాలో పడినచో అందరి పాలును చెడును. ఆ నష్టము సంఘమంతయు భరింపవలసి వచ్చును.