అన్నదమ్ముల పొత్తు

భద్రాచల ప్రాంతమున సోదరధర్మమును వేఱుగ బోధింప నక్కఱలేదు. దుమ్ముగూడెము చెంతనున్న పర్ణశాలను దర్శించిన రైతులందఱు లక్ష్మణుని సేవను స్మరింతురు. భక్త రామదాసు మేనమామలుగ ప్రసిద్ధులగు అక్కన్న మాదన్నలు గోలకొండ ప్రభుత్వమును కలసి నడపి, 1686లో కలసియే హతులైరి. ఇచటి కోయలలో నొకే గట్టువారందఱు అన్నదమ్ములే. వారిలో వారికి పెండ్లి పొసగదు. అనగా సోదరత్వము తల్లి కడుపుతోడనే ముగియునది కాదు.

అయినను మన గ్రామములలో పంపకముల నాడే యీ బంధము సడలుచున్నది. భూమిని పంచుకొనుట దోషము కాదు. నాలుగెకరములను నలుగురు పంచుకొనవచ్చును గాని, బావిని నాలుగు ముక్కలు చేయుట యెట్లు? కావున నీటి వంతులు, బండిబాట, కళ్లము, తండ్రి చేసిన అప్పు, వీనినెల్ల పెద్దల యెదుట ముందుగ నిర్ణయించి వ్రాసికొనవలెను. ఆడుబిడ్డలను మఱవరాదు. 2005 నాటి సవరణచే హిందూ కుటుంబముల పూర్వార్జితమున కుమార్తెకును సమభాగము కలదు. షెడ్యూల్డు తెగలకు ఆ చట్టము సామాన్యముగ వర్తింపదు. వారికి తమ ఆచారమే ప్రమాణము.

1904 నాటి చట్టము క్రింద వెలసిన గ్రామ పరపతి సంఘములలో ఒకని బాకీకి సభ్యులందఱు పూచీపడుచుండిరి. పొరుగువానికి పూచీ నిలిచిన కర్షకులు తోడబుట్టినవానిపై దావా వేయుట తగునా? జానెడు గట్టునకై యెకరము నమ్ముకొనవలదని మేము సభ్యులను కోరుచున్నాము. పొలములు వేఱైనను పొత్తు నిలుపుకొనుడు.