లెక్కలోకి రాని వంశపు జబ్బు

పుట్టుకతో వచ్చిన జన్యులోపం వల్ల మెదడులోని సన్నటి రక్తనాళాలు ఏళ్ల తరబడి మెల్లమెల్లగా చెడిపోయే జబ్బులు కొన్ని ఉన్నాయి. వాటిలో ఎక్కువగా కనిపించేది కాడాసిల్. 19వ క్రోమోజోమ్ మీది నాచ్-3 జన్యువులో వచ్చే మార్పే దీనికి మూలమని పారిస్ పరిశోధకులు 1996లో తేల్చారు. ముప్ఫై ఏళ్ల ప్రాంతంలో కళ్ల ముందు మెరుపులు కనిపించే మైగ్రేన్ మొదలవుతుంది. నలభై, యాభైల్లో ఒకదాని వెనక ఒకటిగా చిన్నచిన్న పక్షవాతాలు వస్తాయి. ఆ తర్వాత మతిమరుపు, నడకలో తడబాటు. తల్లిదండ్రుల్లో ఒకరికి ఈ మార్పు ఉంటే ప్రతి బిడ్డకూ అది సంక్రమించే అవకాశం సగానికి సగం. ఇంత స్పష్టమైన జబ్బుకు ఆసుపత్రి రికార్డుల్లో చాలాకాలం సొంత చోటే లేదు. మెదడు రక్తనాళాల జబ్బుల్లో 'ఇతరాలు' అనే పద్దులో పడేసేవారు. ఇది గుమాస్తా పనిలో దొర్లిన చిన్న లోటుగా కనిపించవచ్చు. కానీ రోగి కుటుంబానికి జరిగే నష్టం ఇక్కడే మొదలవుతుందని నా అభిప్రాయం.

జబ్బులకు అంకెలు వేసే పద్ధతి 1893 నాటి మరణ కారణాల జాబితాతో మొదలైంది. నేడు ప్రపంచ ఆరోగ్య సంస్థ నిర్వహించే ఐసీడీ అనే జబ్బుల వర్గీకరణకు మూలం అదే. డాక్టరు రాసిన నిర్ధారణను కోడర్ అంకెల్లోకి మారుస్తాడు. బీమా కంపెనీ, ప్రభుత్వ గణాంకాలు, పరిశోధకులు అందరూ చూసేది ఆ అంకెనే. అమెరికా రోగుల రికార్డులను కోడ్ చేసే ఉద్యోగాలు హైదరాబాద్‌లో ఎన్నో ఉన్నాయి కాబట్టి ఈ పని తెలుగు ఇళ్లకు కొత్త కాదు. ఆ దేశం 2018 అక్టోబరు 1 నుంచి కాడాసిల్‌కు ఐ67.850 అనే కోడ్ ఇచ్చింది. మొదటి అక్షరం రక్తప్రసరణ జబ్బులను, 67 మెదడు రక్తనాళాల ఇతర జబ్బులను, 85 వంశపారంపర్యాన్ని, చివరి సున్నా కాడాసిల్‌ను సూచిస్తాయి. దాని కిందే పక్షవాతం, మూర్ఛ, డిమెన్షియా ఏవైనా ఉంటే వాటి కోడ్‌లు కూడా వేయమన్న సూచన ఉంది. మూలకారణాన్నీ దాని ఫలితాలనూ ఒకే రికార్డులో పక్కపక్కన చూపించే వీలు ఈ సూచన వల్లే కలిగింది.

వేరుగా పేరు పెట్టకపోతే ఏమవుతుందో చెప్పడానికి స్వీడన్‌లోని ఒక కుటుంబం కథ చాలు. తరతరాలుగా పక్షవాతం, డిమెన్షియా వస్తున్న ఆ కుటుంబం గురించి 1977లో వైద్య పత్రికలో రాశారు. అది కాడాసిల్‌కు తొలి ఉదాహరణ అని చాలాకాలం అనుకున్నారు. తీరా జన్యు పరీక్ష చేస్తే నాచ్-3లో ఏ మార్పూ లేదు, అది వేరే జబ్బని 2007లో తేలింది. నిపుణుల చేతుల్లోనే ఇలా కలిసిపోయిన జబ్బులు 'ఇతరాలు' పద్దులో పడితే వాటిని విడదీసేదెవరు? లెక్క విషయానికి వద్దాం. క్లినిక్‌లలో గుర్తించిన రోగులను బట్టి లక్షమందిలో ఇద్దరి నుంచి ఐదుగురికి కాడాసిల్ ఉంటుందని అంచనా వేశారు. అరవై వేలమంది జన్యువుల సమాచారాన్ని 2016లో పరిశీలిస్తే, ఈ జబ్బులో కనిపించే రకం మార్పు వెయ్యిమందిలో ముగ్గురికి పైగా ఉంది. దక్షిణాసియా వాళ్లలో ఇంకా ఎక్కువ. వీళ్లలో చాలామందికి జబ్బు స్వల్పంగానే ఉండవచ్చు, అసలు బయటపడకపోనూ వచ్చు. అయినా ఈ రెండు అంకెల మధ్య ఉన్నది వందరెట్లకు దగ్గరైన తేడా. ఆ మధ్యలో ఎవరున్నారో కోడ్ లేని రికార్డు చెప్పలేదు.

మందే లేని జబ్బుకు పేరు పెట్టి ఏం లాభమని కొందరు అడుగుతారు. జన్యులోపాన్ని సరిచేసే మందు లేదన్నది నిజమే. కానీ పొగతాగడం, అదుపులో లేని బీపీ ఈ జబ్బును ముదరబెడతాయి, ఆ రెండూ మన చేతిలో ఉన్నవే. ఎంఆర్ఐలో తెల్లటి మచ్చలు చూసి మల్టిపుల్ స్క్లెరోసిస్ అనుకుని, దానికిచ్చే బలమైన మందులను ఏళ్లపాటు వాడించిన సందర్భాలు వైద్య సాహిత్యంలో ఉన్నాయి. సరైన పేరు రికార్డులో ఉంటే తర్వాత చూసే డాక్టరు ఆ దారి పట్టడు. రేపు కొత్త మందును పరీక్షించాలన్నా ముందు రోగులెక్కడున్నారో తెలియాలి.

కోడ్‌లను నమ్మలేం, అవి బిల్లుల కోసం పుట్టినవన్న అభ్యంతరంలో బలముంది. కోడర్ జబ్బును నిర్ధారించడు. అమెరికా నిబంధనల ప్రకారం ఔట్‌పేషెంట్ రికార్డులో డాక్టరు 'కాడాసిల్ కావచ్చు' అని రాస్తే కోడర్ ఐ67.850 వేయకూడదు, లక్షణాలకే కోడ్ వేయాలి. అంటే జన్యు పరీక్షో చర్మం బయాప్సీయో జరిగి, డాక్టరు ఖాయంగా రాస్తేనే లెక్కలోకి వస్తుంది. పరీక్ష అందనివాళ్లు అప్పుడూ బయటే ఉండిపోతారు. ఇది కోడ్‌ను వద్దనడానికి కారణం కాదు, పరీక్షను అందుబాటులోకి తేవడానికి కారణం. ఇంకా బరువైన అభ్యంతరం గోప్యత గురించి. ఒక మనిషి రికార్డులో పడిన ఈ కోడ్ అతని తోబుట్టువులనూ పిల్లలనూ పట్టిస్తుంది. జన్యు వివక్షపై అమెరికా 2008లో చేసిన చట్టం ఆరోగ్య బీమాకూ ఉద్యోగాలకూ రక్షణ ఇచ్చింది గానీ జీవిత బీమాను వదిలేసింది. ఆ భయం ఉన్నంతకాలం పరీక్షకు వెనకాడేవాళ్లను తప్పుపట్టలేం. పేరు పెట్టే హక్కును, పేరు బయటపడకుండా కాపాడే చట్టాన్ని కలిపే అడగాలి.

అమెరికా చేసింది కూడా సగం పనే. కాడాసిల్ తప్ప మిగతా వంశపారంపర్య మెదడు రక్తనాళాల జబ్బులు చాలావరకు ఐ67.858 అనే మరో 'ఇతరాలు' పద్దులోనే ఉన్నాయి. జపాన్‌లో మొదట గుర్తించిన కారాసిల్ వాటిలో ఒకటి. దానికి కారణమైన జన్యువు 2009లోనే తెలిసింది. 2022 జనవరి 1న అమల్లోకి వచ్చిన ఐసీడీ-11 ఈ జబ్బులకు మరింత చోటిచ్చింది. మన ఆసుపత్రులు దానికి మారడానికి సమయం పట్టవచ్చు. కేస్ షీట్‌లో ఒక్క గడి పెంచడానికి మాత్రం ఎవరి అనుమతీ అక్కర్లేదు: చిన్న వయసులో పక్షవాతం వచ్చిన ప్రతి రోగినీ, అమ్మ, నాన్న, వాళ్ల తోబుట్టువుల్లో ఎవరికి, ఏ వయసులో ఇలా వచ్చిందో అడిగి అందులో రాయాలి.